పెర్లాకు గొంతిచ్చినోడు

"అబద్ధం" అన్నది గంగాబాయి.

తనలో తాను అనుకోవాల్సిన మాటే అది. కానీ సరిగ్గా అప్పుడే తెర మీద తుపాకుల మోత ఆగిపోయింది. ఆ మాట ఆడోళ్ల వైపు నుంచి లేచి, నడుమ కట్టిన గోనెపట్టా దాటి, తెర పక్కన స్టూలు మీద మైకు పట్టుకొని కూర్చున్న కాశీరాం చెవిలో పోయి పడ్డది.

"ఎవరది, అబద్ధమన్నది?" అన్నాడు కాశీరాం మైకులోనే.

దొరికిపోయినాక దాక్కునే రకం కాదు గంగాబాయి. లేచి నిలబడ్డది.

"నేనే అన్న. ఆమె నోరు రెండుసార్లే కదిలింది. నువ్వు పావుగంట సంది చెప్తున్నవ్. మిగిలిన మాటలు యాడికెళ్లి తెస్తున్నవ్?"

డేరా మొత్తం ఘొల్లుమన్నది.

"ఇంగ్లీషుల రెండు మాటలంటే తెలుగుల ఇరవై అయితయక్కా."

"నేను నీకు అక్కనెట్లయిత?"

"చీకట్ల కనబడలే చెల్లె."

"చెల్లెను గూడ గాదు."

"మరి ఏమైతవ్?" అన్నాడు కాశీరాం.

మైకులో అన్నాడు. ఐదువందల మంది ముందు అన్నాడు. ఈలలు, చప్పట్లు. గంగాబాయి చెవులు నిప్పుల్లా కాలుతుంటే చటుక్కున కూర్చుండిపోయింది. మిగిలిన బొమ్మ ఆమె చూసిందో లేదో ఆమెకే తెలియదు.

ఇది డెబ్భై ఏడు నాటి సంగతి. శివరాం సేటు టూరింగ్ టాకీసు బాన్సువాడలో బిచ్కుంద రోడ్డు పక్కన డేరా వేసి అప్పటికి నెల అయింది. అన్ని రోజులూ తెలుగు బొమ్మలే, మంగళవారం మాత్రం ఇంగ్లీషు బొమ్మ. ఇంగ్లీషంటే ఇంగ్లీషే కానక్కరలేదు. తెలుగూ హిందీ కానిదేదైనా ఆ డేరాలో ఇంగ్లీషే. ఆ మాటలు ఎవరికీ తెలియవు గనుక ఒక మనిషి మైకులో కథ చెప్పాలి. ఆ మనిషి కాశీరాం. ఇరవై రెండేండ్లవాడు, పదో తరగతి పరీక్ష ఒక్కసారి తప్పి మళ్లీ అటు దిక్కు చూడలేదు. రీళ్ల డబ్బాతో పాటు కథ రాసిన కాగితం ఒకటి వచ్చేది. దాన్ని బడిపంతులుతో చదివించుకొని, తన వంతు ఉప్పూకారం కలిపి చెప్పేవాడు. గొంతు మాత్రం నిజంగా మంచిది. వర్ని వైపు నుంచి బండ్లు కట్టుకొని వచ్చేవాళ్లు బొమ్మ కోసం సగం, ఆ గొంతు కోసం సగం వచ్చేవాళ్లు.

ఆ మంగళవారం పడ్డ బొమ్మ ఫిలిప్పీన్స్ అనే దేశానిది. సముద్రం నడుమ ఎక్కడో ఉన్న దేశమట. హీరోయిన్ పేరు పెర్లా మగ్తిబాయ్. అప్పటిదాకా ఇంగ్లీషు బొమ్మలో ఆడదంటే సున్నం కొట్టిన గోడలా తెల్లగా, తాటిచెట్టంత పొడుగ్గా ఉండేది. పెర్లా అట్లా కాదు. చామనచాయ, పొట్టి మనిషి, చప్పిడి ముక్కు, నడుం దాకా నల్లటి జుట్టు. మొదటి సీనులోనే మోకాలి లోతు బురదలో వరి నాటు వేస్తూ కనబడ్డది.

"ఓసి, వర్ని కాలువ కింది పొలాల తీర్గనే ఉన్నదే" అన్నది తండా నుంచి వచ్చిన చాంద్రి. "నారు పట్టుడు గూడ మన తీర్గనే."

ఆ నాటు వేసిన పిల్లే రెండో రీలులో ఊరి మీద పడ్డ దొంగల మీదికి కొడవలి తీసుకొని ఉరికింది. ఉరికే ముందు జుట్టును రెండు చేతులా వెనక్కి లాగి, ఒక్క మెలి తిప్పి ముడి వేసింది. తొందర లేదు, బెదురు లేదు. అన్నం వండబోయే ముందు మన ఆడోళ్లు ఎట్లా ముడి వేసుకుంటారో అట్లా. ఆ ముడితో బాన్సువాడ ఆమె చేతిలో పడిపోయింది. వారం తిరగకుండా గంగాబాయి ఉండే బీడీల వాడలో ఆడపిల్లలంతా అట్లాగే ముడి వేయడం మొదలుపెట్టారు.

గంగాబాయి అందరికన్నా ముందు, డేరాలో కూర్చున్న చోటే వేసింది. అందుకే ఆమెకు అంత కోపం. పెర్లా ముత్యాల్లాంటి రెండు ముక్కలు మాట్లాడి నోరు మూసుకుంటే, వీడెవడు ఆమె నోట్లో బస్తాడు మాటలు కుక్కడానికి?

ఆ ఆట మర్నాడు పొద్దున మైకు కట్టిన టాకీసు రిక్షా మీద కాశీరాం బీడీల వాడలోకి వచ్చాడు. అరుగుల మీద ఆడోళ్లంతా ఒళ్లో చాటలు పెట్టుకొని తునికాకు కత్తిరిస్తున్నారు. రిక్షా సరిగ్గా బాలయ్య ఇంటి ముందు ఆగింది. బాలయ్య గంగాబాయి తండ్రి, వాడ మొదట్లో కిరాణం డబ్బా నడుపుతాడు. అప్పుడాయన అక్కడ లేడు, అది కాశీరాం అదృష్టం.

"వినుండ్రి, వినుండ్రి. వచ్చే మంగళవారం సంది మా టాకీసుల కొత్త కానూన్. పెర్లా నోరు ఎంత కదిలితే గంతే చెప్తం. ఒక్క మాట ఎక్కువైతే పట్టుకోనీకి బీడీల వాడల ఇనిస్పెక్టరమ్మ ఉన్నది."

అరుగులన్నీ నవ్వినై. గంగాబాయి తల ఎత్తలేదు, కత్తెర ఆపలేదు.

"నీ కానూన్ ఎన్ని దినాలుంటదో చూస్త."

"చూడాల్నంటే రావాలె గద."

"వస్త. నీ కోసం గాదు, పెర్లా కోసం."

"నాక్కూడ గదే గావాలె" అని కాశీరాం రిక్షా కదిలించాడు. వాడ చివరిదాకా పోయాక గానీ మైకు ఆపలేదన్న సంగతి గుర్తుకు రాలేదు. అప్పటికి వాడు కూనిరాగం తీస్తూ పోతున్నదంతా వాడకు వినబడ్డది.

గంగాబాయి తల్లి లచ్చవ్వ బిడ్డ ముఖం చూసి, "ఏంది, మూతి అటు తిప్పుకొని నవ్వుతున్నవ్?" అన్నది.

"నవ్వుతలేనవ్వా. తంబాకు ఘాటు."

పెర్లా రెండో బొమ్మ మరుసటి ఏడు వానాకాలంలో వచ్చింది. మంది దాన్ని తాడువంతెన బొమ్మ అనేవాళ్లు. లోయ మీద తాడువంతెన, అటు కొస దొంగలు నరుకుతున్నారు, పెర్లా వీపు మీద పసిపిల్లను కట్టుకొని ఉరుకుతున్నది. వంతెన తెగింది. పెర్లా గాలిలోకి దుంకి అవతలి గడ్డను పట్టుకున్నది. వేరే మనిషిని పెట్టి దుంకించలేదు, ముఖం కనబడుతూనే ఉన్నది. అవతల పడ్డాక మొదట చూసింది తన మోకాలు కాదు, వీపు మీది పిల్లను. గంగాబాయి ఆ బొమ్మ ఏడుసార్లు చూసింది, ఏడుసార్లూ అక్కడ పక్కదాని చెయ్యి గట్టిగా పట్టుకున్నది.

ఆ బొమ్మలోనే ఒక వాగు సీను ఉన్నది. పెర్లా బట్టలు ఉతుకుతుంటుంది. అవతలి ఒడ్డు నుంచి హీరో ఏదో ఒక్క ముక్క అంటాడు. కాశీరాం ఆరు ఆటల దాకా "బాగున్నవా" అని చెప్పాడు. ఏడో ఆటకు గొంతు తగ్గించి, "ఆకు కత్తిరించే చెయ్యి ఒక్కసారి ఆపి, ఇటు చూడరాదు" అన్నాడు.

డేరాలో కొందరు ముఖాలు చూసుకున్నారు. పెర్లా ఉతికేది బట్టలు గదా, ఆకు యాడిది? గంగాబాయి కొంగు ముఖానికి అడ్డం పెట్టుకున్నది.

మర్నాడు కార్ఖానాలో బీడీలు ఇచ్చి వస్తుంటే సన్నగా వాన. టాకీసు రిక్షా పక్కన గొడుగు పట్టుకొని కాశీరాం.

"పెర్లా బీడీలు ఎప్పటి సంది చేస్తున్నది?" అన్నది గంగాబాయి ఆగకుండానే.

"ఆ దేశంల గూడ చేస్తరట."

"నాకు చెప్పాల్సింది పెర్లాకెందుకు చెప్తున్నవ్?"

కాశీరాం గొడుగు ఆమె వైపు వంచి తను తడుస్తూ నడిచాడు.

"మైకు చేతిల ఉంటెనే నాకు ధైర్యం గంగా. ఐదువందల మంది ముందు ఏమన్న చెప్త. ఒక్క మనిషి ముందు నిలబడితే నాలుక లేవది."

"ఐతే మా బాపును గూడ మైకులనే అడుగుతవా?"

కాశీరాం గొడుగు ఇంకా ఆమె వైపే వంచాడు. గంగాబాయికి నవ్వూ కోపం కలిసి వచ్చినై.

"తడుస్తున్నవ్. గొడుగు సక్కగ పట్టుకో" అని గబగబా ఇంటికి వెళ్లిపోయింది.

అడగడం ఇయ్యాల రేపు అనుకుంటూ ఏడాది గడిచింది. ఇద్దరిదీ ఒకటే కులం, అడ్డమేమీ లేదు. అడ్డమల్లా డేరా. డేరా మనిషికి పిల్లనివ్వడం బాలయ్యకు అసలు గిట్టదు. "ఇయ్యాల ఈడ గుంజలు పాతుతరు, రేపు పీకుతరు. గా బతుకు ఒక బతుకేనా" అని ఎవరి గురించి మాట వచ్చినా అనేవాడు. కాశీరాం అది విని ఇంకా ముడుచుకుపోయేవాడు.

డెబ్భై తొమ్మిది జూన్‌లో రెండు కబుర్లు ఒక్కసారే వచ్చినై. ఒకటి, పెర్లా మూడో బొమ్మ వస్తున్నది. ఇంకొకటి, గంగాబాయిని చూడటానికి బిచ్కుంద నుంచి తంబాకు వ్యాపారం వాళ్లు వస్తున్నారు. రెండూ మంగళవారమే.

గంగాబాయి ఈసారి తనే డేరా దగ్గరికి పోయింది. కాశీరాం తెర కుట్లు వేస్తున్నాడు.

"అడుగుతవా, అడుగవా?"

"గీ బొమ్మ ఆడనీ గంగా. జనం తగ్గిండ్రని సేటు పరేషాన్ల ఉన్నడు. గీ బొమ్మ గూడ ఆడకపోతే డేరా ఎత్తి దెగ్లూరు పోతమంటుండు. అప్పుడు నేనేం ముఖం పెట్టుకొని అడుగుత?"

"బొమ్మ ఆడితే?"

"ఆడితే డేరా ఈడనే ఉంటది. తెల్లారి వచ్చి అడుగుత."

"అంటే నా పెండ్లి పెర్లా చేతిల పెట్టినవన్నట్టు" అన్నది గంగాబాయి.

కాశీరాం సూది వేలికి గుచ్చుకున్నాడు. తర్వాత మెల్లగా ఇంకో మాట చెప్పాడు. పెర్లాకు ఇదే ఆఖరి బొమ్మట. మూడే చేసి మానేసిందట. నిజామాబాదులో డబ్బాలు ఇచ్చే మనిషి చెప్పాడు.

ఆ మాట సాయంత్రానికి బీడీల వాడంతా పాకింది. పెండ్లి చేసుకొని ఉంటదని ఒకరు, కాలు విరిగి ఉంటదని ఇంకొకరు. సొంత పడవ కొనుక్కొని ఊరికి పోయిందని చాంద్రి చూసినట్టే చెప్పింది.

"ఏమన్న గానీ" అన్నది గంగాబాయి. "ఎవరన్న వద్దన్నంక పోలే. అందరు ఇంకా కావాలంటుంటే లేచి పోయింది. గదీ మనిషంటే."

మంగళవారం పొద్దటి నుంచే వాన. రీళ్ల డబ్బాలు నిజామాబాదు బస్సు మీద, పైన కప్పు లేకుండా వచ్చినై. లోపలి రీళ్లకు ఏమీ కాలేదు గానీ, డబ్బాల మీద అంటించిన నంబరు కాగితాలన్నీ కొట్టుకుపోయినై. కథ కాగితం నీలం ముద్ద అయింది. మిషను నడిపే లాల్‌సింగ్ రీళ్లు విప్పి చూశాడు. అరిగిన కాపీ, మొదట్లో నంబర్లుండే ముక్కలు ఎప్పుడో తెగిపోయినై.

"ఏది ముందు, ఏది ఎనుక?" అన్నాడు శివరాం సేటు.

"బరువు చూసి పెడ్త సేటు" అన్నాడు లాల్‌సింగ్. ఎందుకన్నాడో ఆయనకే తెలియాలి.

ఇక్కడ బాలయ్య ఇంట్లో పిల్లను చూసుడు మంచిగానే జరిగింది. పిల్లవాడు పర్వాలేదు. పిల్లవాని తల్లి గంగాబాయి వేళ్లు పట్టి చూసి, "దినానికి వెయ్యి బీడీల చెయ్యి" అని మెచ్చుకున్నది. పొద్దున మాట ఖాయం చేసుకుందాం, ఎట్లాగూ రాత్రి ఉంటున్నాం గదా, పెర్లా బొమ్మ చూద్దాం అన్నారు బిచ్కుందవాళ్లు. పెర్లా అంటే వాళ్లకూ పిచ్చే. ఎన్నడూ టాకీసు మెట్టు ఎక్కని బాలయ్య కూడా మర్యాదకు బయలుదేరాడు.

సాయంత్రం ఆటకు డేరా కిక్కిరిసింది. పైన వాన టపటప, కింద జనం. మూడు రీళ్లు బాగానే నడిచినై. పెర్లా చేపలు పట్టే పల్లెలో పిల్ల, పల్లెను దోచే షావుకారును ఎదిరిస్తున్నది. కాశీరాం గొంతు ఆ రోజు పొంగి పొర్లింది.

నాలుగో రీలులో పెర్లా చచ్చిపోయింది.

సముద్రం ఒడ్డున, ముసలి తల్లి ఒళ్లో, ఛాతీ మీద నెత్తురుతో. తల్లి కొంగుతో ముఖం తుడిచింది. బొమ్మ అయిపోయిందన్నట్టు పెద్ద అక్షరాలు పడ్డాయి. తెర తెల్లబడ్డది.

ముందు ఏడుపులు. తర్వాత గొణుగుడు. "గింత తొందరనా?" అని ఒకడు లేచాడు. లాల్‌సింగ్ కంగారుగా ఇంకో రీలు ఎక్కించాడు. తెర మీద పెర్లా పకపకా నవ్వుతూ వల విసురుతున్నది.

డేరా లేచి నిలబడ్డది. "సచ్చినామె ఎట్ల నవ్వుతది?" "మమ్ముల పిచ్చోళ్లను చేస్తుండ్రా?" బెంచీలు కదులుతున్నాయి. ఎవరో గుంజ పట్టి ఊపారు. శివరాం సేటు తల పట్టుకున్నాడు.

కాశీరాం మైకు పట్టుకొని నిలబడ్డాడు. నోరు తెరిచాడు. రెండేండ్లలో మొదటిసారి ఆ గొంతు రాలేదు.

గంగాబాయికి గోనెపట్టా చిరుగులోంచి వాడు కనబడుతున్నాడు. డేరా పోతే వాడూ పోతాడు. లేచి మాట్లాడితే ఈ సంబంధం పోతుంది, బాపు పరువూ పోతుంది. పక్కన పిల్లవాని తల్లి ఆమె చెయ్యి పట్టుకొని ఉన్నది.

గంగాబాయి ఆ చెయ్యి మెల్లగా విడిపించుకున్నది. లేచింది.

"పెర్లా సావలే" అన్నది. మైకు లేకుండానే డేరా అంతా వినబడ్డది. "వాళ్లవ్వకు కలొచ్చింది. బిడ్డ సచ్చిపోయినట్టు పీడకల. ఇప్పుడు తెల్లారింది."

లేచినోళ్లంతా తెర వైపు తిరిగారు.

"అవు" అన్నాడు కాశీరాం. గొంతు తిరిగి వచ్చింది. "కల. అందుకే గా ముసలామె చూడుండ్రి, బిడ్డను వల ఇడిచిపెట్టి ఇంట్ల కూసోమంటుంది."

నిజంగానే తెర మీద ముసలామె పెర్లా చెయ్యి పట్టి లాగుతున్నది.

"కలకు భయపడి కూసుంటనా అంటుంది పెర్లా" అని గంగాబాయి అందుకున్నది.

జనం కూర్చున్నారు. ఆ తర్వాత వాడు ఆగిన చోట ఆమె, ఆమె ఆగిన చోట వాడు. చావు ముందే చూసి ఉన్నారు గనుక పెర్లా కత్తులకు ఎదురు పోయినప్పుడల్లా మంది గుండెలు చేత్తో పట్టుకున్నారు. ఏదీ ఆమెను చంపలేదు. చివరి రీలులో పెర్లా ఒక్కతే పడవ ఎక్కి తెడ్డు వేసుకుంటూ సముద్రంలోకి పోయింది. పోతూ పోతూ ఒక్కసారి వెనక్కి తిరిగి చూసి, నవ్వి, మళ్లీ తెడ్డు వేసింది. పడవ చుక్కంత అయింది. రీలు అయిపోయింది.

అక్కడ కాశీరాం గానీ గంగాబాయి గానీ ఒక్క మాట కూడా చెప్పలేదు. చెప్పాల్సిందేమీ లేకపోయింది. తెల్లటి తెర వైపు చూస్తూ జనం కాసేపు కూర్చొనే ఉన్నారు. అప్పుడు మొదలైనై చప్పట్లు.

సరైన వరుసలో ఆ బొమ్మ వేరే ఊళ్లలో మూడు రోజులు ఆడింది. బాన్సువాడలో ఐదు వారాలు. లాల్‌సింగ్ తర్వాత వరుస కనిపెట్టి సరిచేస్తానంటే, "రీళ్లు ముట్టినవంటే చెయ్యి ఇరగ్గొడ్త" అన్నాడు శివరాం సేటు.

కానీ తెల్లారి బుధవారం బాలయ్య ఇంట్లో చప్పట్లు లేవు. బిచ్కుందవాళ్లు మొదటి బస్సుకే వెళ్లిపోయారు. "మందిల లేచి మాట్లాడే పిల్ల మా ఇంట్ల ఇమడది" అన్నది పిల్లవాని తల్లి. బాలయ్య కిరాణం డబ్బా తెరవకుండా గడపలో కూర్చున్నాడు. గంగాబాయి అరుగు మీద ఆకు కత్తిరిస్తున్నది. ఏడవలేదు. వాడ మొదటి వైపు చూడటం మాత్రం మానలేదు.

కాశీరాం నడిచి వచ్చాడు. రిక్షా లేదు, మైకు లేదు. చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియక వెనక్కి కట్టుకున్నాడు.

"ఏంది?" అన్నాడు బాలయ్య.

కాశీరాం గంగాబాయి వైపు చూశాడు, రాత్రి డేరాలో లాగా మాట అందిస్తుందేమోనని.

ఆమె తల అడ్డంగా ఊపింది. "రాత్రిది కథ. అందిచ్చిన. ఇది నువ్వే చెప్పాలె."

"మంచిగున్నది" అన్నాడు బాలయ్య. "మాటలు చెప్పేటోనికే మాటలు అందియ్యాలె. రేపు సంసారం గూడ గట్లనే జేస్తవా?"

"గంగను నాకియ్యుండ్రి" అన్నాడు కాశీరాం.

"వినబడలే."

నిజానికి వినబడ్డది. లచ్చవ్వ తలుపు వెనక నుంచి మొగుని ముఖం చూసి అది కనిపెట్టింది.

"గంగను నాకియ్యుండ్రి."

"ఎవలకు?"

కాశీరాం ఊపిరి పీల్చుకున్నాడు. ఇంకేమైతే అదైందని, ఐదువందల మందికి చెప్పే గొంతు తీశాడు. "బాలయ్య మామా, నీ బిడ్డ గంగాబాయిని నాకియ్యుండ్రి. డేరా దెగ్లూరు పోయినా, యాడికి పోయినా నేను పోను. బస్టాండు కాడ మైకుసెట్టు దుకాణం పెట్టుకుంట. పెండ్లిళ్లకు, పండుగలకు కిరాయికిస్త. బాన్సువాడ ఇడిచి అడుగు తీసి అడుగు పెట్టను."

వాడలో కత్తెరలన్నీ ఆగినై. ఈ కొస నుంచి ఆ కొస దాకా అరుగుల మీద ఒక్క చెయ్యి కదలడం లేదు.

"పిల్లనియ్యకముందే మామనా?" అన్నాడు బాలయ్య.

"అననియ్యి" అన్నది లచ్చవ్వ బయటికి వస్తూ. "మైకు లేకుంట వచ్చిన మాట. ఇప్పుడు ఆపితే మళ్ల లోపటికి పోతదేమో."

బాలయ్య అరుగుల వైపు చూశాడు. వాడంతా ఆయన నోటి వైపు చూస్తున్నది. మూతి బిగించుకున్నాడు గానీ మీసం కింద నవ్వు ఆగలేదు.

"గింత గట్టిగ అడిగినంక ఇయ్యకపోతే బిచ్కుంద దాక వినబడ్తది. కూసో పిలగా, నిలబడ్డవేంది."

కాశీరాం అరుగు మీద కూర్చున్నాడు, గంగాబాయికి రెండు మూరల దూరంలో. కూర్చొని ఆమె చేతుల వైపే చూస్తున్నాడు.

"గట్ల చూడకు" అన్నది గంగాబాయి, చాటలోంచి తల ఎత్తకుండా. "ఆకు తప్పు తెగుతున్నది."

నిజంగానే తెగుతున్నది. ఏడేండ్ల వయసులో కత్తెర పట్టిన పిల్ల ఆ పొద్దున దోసెడు ఆకు పాడు చేసింది. లచ్చవ్వ ఆ ఆకంతా కొంగులో ఎత్తుకొని లోపలికి పోయి, పొయ్యిలో వేసి, అల్లునికి చాయ పెట్టింది.